కక్షిదారుడు గతించిన పిమ్మట

మనుష్యుడు మరణించిన యెడల అతడు నడపుచున్న వ్యాజ్యము గూడ మరణింపవలెనా? పైకి చూచినచో ఇది న్యాయశాస్త్ర పండితులు తీరికవేళ చర్చించుకొనదగిన ప్రశ్నవలె తోచును. గోదావరిఖనిలోను, రామగుండములోను, యైటింక్లయిన్ కాలనీలోను ఇది ఇంటిపొయ్యిని గూర్చిన ప్రశ్న. బొగ్గుబాయిలో దిగి పనిచేసిన కార్మికుడొకడు, తానున్న ఇంటిని ఖాళీ చేయవలెనన్న తీర్పుపై అప్పీలు దాఖలు చేసినాడనుకొందము. ఆ అప్పీలు విచారణకు రాకమునుపే అతడు కన్నుమూసినాడు. ఆ ఇంటిలో మిగిలిన భార్యాబిడ్డలకు అప్పీలున్నదా, లేదా? ఉన్నచో ఎన్నాళ్లుండును? ఎవరు నడపవలెను? ఈ ప్రశ్నలకు చట్టము స్పష్టముగనే సమాధానము చెప్పుచున్నది. ఆ సమాధానము ఆ ఇంటివారికి చేరుటయే దుర్లభమైయున్నది. న్యాయాధిపతి ఇరుపక్షముల వాదము విని కొట్టివేసిన అప్పీలును గూర్చి మేము చింతింపము. ఎవరును వినకుండ, ఎవరును వాదింపకుండ, కేవలము మౌనముచేత చచ్చిపోవు అప్పీలును గూర్చియే ఈ నాలుగు మాటలు వ్రాయుచున్నాము.

సింగరేణి చరిత్రము పాఠకులకు క్రొత్త గాదు. 1871లో భూగర్భ పరిశోధనశాఖకు చెందిన విలియం కింగు ఇల్లెందు ప్రాంతమున బొగ్గును కనుగొనెను. 1886లో ఇంగ్లండునందు స్థాపితమైన హైదరాబాదు దక్కను కంపెనీ దానిని త్రవ్వు హక్కును సంపాదించెను. 1920 డిసెంబరు 23వ తేదీన సింగరేణి కాలరీస్ కంపెనీ ఏర్పడెను. నేడు దాని వాటాలలో నూటికి 51 వంతులు తెలంగాణ ప్రభుత్వమువి, 49 వంతులు కేంద్ర ప్రభుత్వమువి. అనగా అది ప్రజల సొత్తు. ఈ సంగతిని పాఠకులు జ్ఞాపకముంచుకొందురు గాక, దీనితో మాకు ముందు పనియున్నది. గోదావరి యొడ్డున గనులు తెరచిన పిమ్మటనే ఆ ఊరు పెరిగినది. ఊరి పేరులోనే ఖని యున్నది. కరీంనగరు పల్లెలనుండి కొందరు, పరరాష్ట్రములనుండి కొందరు, చేతిలో ఒక మూటతో వచ్చి మూడు షిఫ్టులకు అలవాటు పడినారు. అట్టి ఊరిలో తన తాతతండ్రుల స్థలములో తాను నిర్మించుకొన్న ఇల్లనునది అరుదు. కొందరు కంపెనీ క్వార్టరులో నుందురు. కొందరు కిరాయి ఇండ్లలో నుందురు. మరికొందరు కంపెనీదో సర్కారుదో తెలియని నేలపై గోడలు లేపుకొని, పట్టా వచ్చునను ఆశతో కాలము గడపుదురు. ఈ మూడు విధముల వారికిని ఒక్కటే పోలిక. తలపై కప్పు వారిది కాదు. కావున ఖాళీ చేయింపు వ్యాజ్యము ఈ బొగ్గుప్రాంతమున వింత వస్తువు కానేరదు.

పూర్వపు ఆంగ్లన్యాయములో, వ్యక్తికి సంబంధించిన వ్యాజ్యము వ్యక్తితోడనే గతించునని లాటినుభాషలో నొక సూత్రమున్నది. తనను తిట్టినాడని పరువునష్టపు దావా వేసినవాడు చచ్చిపోయినచో ఆ దావాయు వానితోనే పోవును. ఆస్తికి సంబంధించిన వ్యాజ్యమునకు ఈ సూత్రము వర్తింపదు. మన స్మృతికారులు ఈ భేదమును ఎరుగనివారు కారు. రిక్థమును గ్రహించినవాడే ఋణమును తీర్చవలెనని యాజ్ఞవల్క్యుడు విధించినాడు. ఆస్తి ఎవని చేతికి పోవునో బాధ్యతయు వాని వెంటనే పోవునని దీని భావము. 1908వ సంవత్సరపు సివిల్ ప్రొసీజరు కోడులోని 22వ ఆర్డరు ఈ న్యాయమునే అంగీకరించి, వ్యాజ్యపు హక్కు మిగిలియున్నంతవరకు కక్షిదారుని మరణము వ్యాజ్యమును చంపజాలదని మొదటి నిబంధనలోనే చెప్పుచున్నది. అప్పీళ్లకు గూడ ఈ నియమములే వర్తించునని 11వ నిబంధన.

చిక్కు అంతయు దాని తరువాత వచ్చుచున్నది. హక్కు మిగిలియున్నంత మాత్రమున చాలదు. మృతుని స్థానమున అతని వారసులను రికార్డుపైకి తేవలెను. 1963వ సంవత్సరపు కాలపరిమితి చట్టములోని 120వ ఆర్టికిల్ ప్రకారము దీనికి గడువు 90 దినములు. ఈ గడువు మరణము తెలిసిన దినమునుండి గాక మరణించిన దినమునుండియే లెక్కింపబడును. 91వ దినమున అప్పీలు, మృతుని మట్టుకు, తనంతతానే ఉడిగిపోవును. కోర్టుభాషలో దీనిని అబేటగుట యందురు. దీనికి న్యాయాధిపతి ఉత్తరువు అక్కరలేదు, ఎవరికిని నోటీసు రాదు, గంట మ్రోగదు. ఆ పిదప 60 దినములలోగా, అబేటైన దానిని తిరిగి లేపుమని 121వ ఆర్టికిల్ క్రింద అర్జీ పెట్టుకొనవచ్చును. ఈ 150 దినములును గడచినచో ఆలస్యమును మన్నింపుమని ఐదవ సెక్షను క్రింద మరియొక అర్జీ. అప్పుడు ఆలస్యమునకు తగిన కారణమును చూపవలెను.

తొంబది దినములు కాగితముపై చూచువారికి దీర్ఘకాలముగనే కనబడును. ఇంటిపెద్ద పోయిన బొగ్గుకార్మికుని ఇంటిలో ఆ తొంబది దినములు ఎట్లు గడచునో ఊహింపుడు. మొదటి పదునొకండు దినములు కర్మకాండకు పోవును. శవమును స్వగ్రామమునకు కొనిపోయినవారు నెల మాసికము వరకు ఊరిలోనే ఆగిపోవుదురు. తిరిగి వచ్చిన పిమ్మట మునిసిపల్ కార్పొరేషనులో మరణధ్రువపత్రము. తహసీలుదారు కచ్చేరిలో కుటుంబసభ్యుల ధ్రువపత్రము. భవిష్యనిధికి ఒక దరఖాస్తు, గ్రాట్యుటీకి ఒక దరఖాస్తు, 1998వ సంవత్సరపు బొగ్గుగనుల పింఛను పథకము క్రింద ఒక దరఖాస్తు, కుమారునికో కుమార్తెకో వారసత్వపు టుద్యోగమునకై మరియొక దరఖాస్తు. ప్రతిదానికిని ఛాయాచిత్రములు, నకళ్లు, సంతకములు; సంతకము రానిచోట వ్రేలిముద్రలు. ఆధారు కార్డులో ఒక అక్షరము, సర్వీసు పుస్తకములో మరియొక అక్షరము ఉన్నచో అదియొక నెల. ఈ నడుమ ఆ వితంతువునకు, తన భర్త రెండేండ్ల క్రిందట ఒక వకీలుగారికి వకాలతు వ్రాసియిచ్చినాడనియు, ఆ కట్ట కోర్టులో నొక బీరువాలో నున్నదనియు ఎవరు జ్ఞాపకము చేయుదురు? బాయినుండి వచ్చినవాడు ఇంటిలో కోర్టు సంగతులు చెప్పు అలవాటు మన సంసారములలో లేదు. పేషీకి పోవు దినమున గూడ 'పనిమీద పోవుచున్నాను' అనును. అతనితోడనే ఆ సంగతియు పూడిపోవును.

ఇక అప్పీలు అబేటైనచో కలుగు ఫలమేమి? క్రిందికోర్టు డిక్రీ స్థిరపడును. అప్పీలు నడచుచున్నంతకాలము అమలును ఆపిన స్టే ఉత్తరువు అప్పీలుతోడనే పోవును. చావు ఇంటికి మొదట చుట్టములు వచ్చినారు, తరువాత అప్పులవారు వచ్చినారు, నాలుగవ నెలలో అమీను వచ్చును. ఇందొక విచిత్రము. అప్పీలును అబేటు చేసిన చట్టము డిక్రీ అమలును అబేటు చేయదు. అమలు కార్యములకు ఈ నిబంధనలు వర్తింపవని అదే ఆర్డరులోని 12వ నిబంధన. గెలిచినవాని హక్కు చావునకు లొంగదు. ఓడినవాని మొర లొంగును. శాసనకర్తలకు దీనికి తగిన కారణములు లేకపోలేదు. డిక్రీ పొందినవానిని మరల మొదటినుండి తిప్పరాదు. అయినను ఈ తక్కెడ ఎటు మొగ్గినదో పాఠకులు గమనింపవలెను.

మరియొక ఉచ్చు మన సామాన్యులకు బొత్తిగా తెలియదు. చచ్చినవాడు ఎదుటివాడైనను దెబ్బ తగులునది అప్పీలు వేసినవానికే. కిరాయిదారు అప్పీలు వేసినాడు. ఇంటి యజమాని మరణించినాడు. యజమాని వారసులను వెదకి, వారి పేర్లు కనుగొని, 90 దినములలో రికార్డుపైకి తేవలసిన భారము కిరాయిదారుదే. యజమాని కుమారుడు పూనాలోనో దుబాయిలోనో ఉన్నాడు. కుమార్తె ఏ ఊరి కోడలైనదో తెలియదు. అసలు యజమాని చచ్చిన వార్తయే తెలియదు. ఈ దుర్గతిని గుర్తించి సుప్రీంకోర్టు 2008లో, పెరుమాన్ భగవతీ దేవస్వం వ్యాజ్యములో, మిక్కిలి వివేకమైన మాట చెప్పినది. దినదినము వాయిదాలతో నడచు దావా వేరు. ఏండ్ల తరబడి విచారణకు రాక బీరువాలో నిద్రించు అప్పీలు వేరు. తన అప్పీలు ఎప్పుడు వచ్చునో తెలియని మనుష్యుడు, ప్రతి నెలయు ఎదుటివాడు బ్రతికియున్నాడా లేదా యని విచారించుచుండవలెనని ఎవరును ఆశింపరాదని దాని సారాంశము. అబేటైన దానిని లేపుటలో న్యాయస్థానములు ఉదారదృష్టి వహింపవలెననియు, ఆలస్యము ఎంతయని లెక్కించుటకంటె అశ్రద్ధ ఉన్నదా లేదా యని చూడవలెననియు ఆ తీర్పు బోధించుచున్నది. అంతకు ఐదేండ్ల మునుపు, 2003లో, అదే న్యాయస్థానము, వారసులను చేర్పుమని వేసిన అర్జీలోనే అబేటును రద్దుచేయుమను ప్రార్థన ఇమిడియున్నట్లు భావింపవలెనని తీర్పు చెప్పియున్నది. వారసులలో నొక్కరైనను మునుపే రికార్డుపై నున్నచో అప్పీలు అబేటు కానేరదని తీర్పు గలదు. దావాలో భార్యాభర్తలిద్దరిని ప్రతివాదులుగా చేర్చియుండి, ఇద్దరును కలిసి అప్పీలు వేసిన సందర్భములో ఈ తీర్పు ఒక ఇంటిని నిలుపగలదు. ఇన్ని ద్వారములు తెరచియున్నవి. వాని దగ్గరకు ఆ వితంతువును ఎవరు నడిపింతురనునదే ప్రశ్న.

వారసులు వచ్చినారు, సరియే. వారికి వాదించుటకు హక్కున్నదా యని యజమాని వకీలు అడుగును. నోటీసిచ్చి కిరాయి ఒప్పందమును రద్దు చేసిన పిమ్మట కిరాయిదారునకు మిగిలినది చట్టము దయతో ఇచ్చిన రక్షణ మాత్రమే, అది అతని శరీరముతోడనే పోయినది, కావున అప్పీలు నడపుటకు వారసులెవరు? అని వాదము. సరిగా ఈ వాదమే మధ్యప్రదేశమునుండి సుప్రీంకోర్టునకు పోయిన దామాదిలాల్ వ్యాజ్యములో వచ్చినది. అచట రెండవ అప్పీలు హైకోర్టులో నుండగా కిరాయిదారులు మరణించినారు. వారి వారసులు అప్పీలును కొనసాగించినారు. వారికా హక్కు లేదని యజమానులు వాదించినారు. 1976లో సుప్రీంకోర్టు ఆ వాదమును త్రోసివేసినది. 1985లో జ్ఞానదేవీ ఆనంద్ వ్యాజ్యములో ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము ఇంకను ముందుకు పోయి, చట్టము వేరుగా చెప్పనంతవరకు అట్టి కిరాయిహక్కు వారసత్వముగా సంక్రమించునని నిర్ణయించినది. మన 1960వ సంవత్సరపు భవనముల కిరాయి నియంత్రణ చట్టము కిరాయిదారు అను పదమును నిర్వచించుచు, మరణపర్యంతము అతనితో ఆ ఇంటిలోనే కాపురమున్న భార్యను లేక భర్తను, కుమారులను, కుమార్తెలను ఆ పదములోనే చేర్చినది. ఆ చట్టము వర్తించు ఇంటిలోనున్న విధవకు, 'నీ భర్త కిరాయిదారు, నీవు కావు' అని చెప్పుటకు ఎవనికిని అధికారము లేదు.

ఇదియంతయు కిరాయిదారు పక్షమున వ్రాసితిమని యజమానులు నొచ్చుకొనవలదు. గోదావరిఖనిలో యజమానియనగా మేడలున్న జమీందారు గాడు. ముప్పదియేండ్లు బొగ్గుపొడి పీల్చి, పదవీవిరమణ దినమున వచ్చిన గ్రాట్యుటీతో లక్ష్మీనగరులోనో మార్కండేయ కాలనీలోనో రెండుగదుల ఇల్లు కట్టుకొని, అందొకటి కిరాయికిచ్చినవాడు. ముసలితనమున తన కుమారుని దగ్గర ఉంచుకొనుటకై ఆ గది కావలెనని దావా వేసి, గెలిచి, ఎదుటివాని అప్పీలు తెమలకుండగనే అతడు చచ్చిపోవును. అప్పుడు కిరాయిదారు వకీలు లేచి, 'ఇల్లు కావలసినవాడే లేడు, ఇక అవసరమెవరిది?' అనును. 1973లో సుప్రీంకోర్టు అట్టి వాదమునకు చోటిచ్చినది. ఆ తీర్పు సరికాదని 1976లో శాంతిలాల్ వ్యాజ్యమున ఆ న్యాయస్థానమే అంతకంటె పెద్ద ధర్మాసనముచే దానిని త్రోసివేసి, యజమాని వారసులు వ్యాజ్యమును నడపవచ్చునని చెప్పినది. యజమాని అవసరమును దావా వేసిన దినమున చూడవలెననియు, న్యాయస్థానముల ఆలస్యముచే కలిగిన మరణమును అతనికి నష్టముగా లెక్కింపరాదనియు తరువాతి తీర్పులు పలుకుచున్నవి. ఇది ధర్మమే. ఎదుటివాని ఆయుస్సుపై పందెము వేసి వాయిదాలు కోరు కిరాయిదారుని మేము సమర్థింపము. స్టే కోరువాడు నేటి కిరాయి మట్టునకు తగిన సొమ్ము చెల్లింపవలెనని న్యాయస్థానము షరతు విధింపవచ్చునని 2004నాటి తీర్పు. ఆ షరతును మన న్యాయస్థానములు తప్పక విధించినచో సగము దుర్వ్యాజ్యములు అచటనే ఆగిపోవునని మా అభిప్రాయము.

కంపెనీ క్వార్టరు సంగతి వేరు. అది కిరాయి ఇల్లు గాదు. ఉద్యోగముతో వచ్చిన అనుమతి, ఉద్యోగముతో పోవును. జ్ఞానదేవీ తీర్పు అచట అక్కరకు రాదు. కంపెనీ ఆస్తిని అక్రమముగా పట్టుకొన్నవారిని శిక్షించు సెక్షను కంపెనీల చట్టములో నున్నది. 1956 చట్టమున అది 630, 2013 చట్టమున 452. మరణించిన ఉద్యోగి కుటుంబమునకు గూడ ఈ సెక్షను వర్తించునని 1995లో సుప్రీంకోర్టు నిర్ణయించినది. తన తరువాత పనిలో చేరిన కార్మికుడు క్వార్టరునకై ఎదురుచూచుచుండగా పాతవారు కదలకపోవుట న్యాయము గాదని మేమును ఒప్పుకొందుము. అయినను చట్టము ఇటీవల కొంత మెత్తబడినది. 2020 సవరణ ప్రకారము, ఉద్యోగికిగాని అతని కుటుంబమునకుగాని రావలసిన భవిష్యనిధి, పింఛను, గ్రాట్యుటీవంటి సొమ్మునో, మరణమునకు అంగవైకల్యమునకు ఇయ్యవలసిన నష్టపరిహారమునో కంపెనీ చెల్లింపలేదని తేలినచో, నివాసగృహమును పట్టుకొన్నందులకు జైలుశిక్ష విధింపరాదు. ఇయ్యవలసినది ఇయ్యనివాడు పుచ్చుకొనవలసినదానికై జైలు చూపరాదని శాసనకర్తలే అంగీకరించినట్లు.

క్వార్టరు వ్యాజ్యములలో అనుమతి చచ్చినను తగవు అంతయు చావదు. ఉన్న కాలమునకు విధించిన జరిమానా కిరాయి, కరెంటు ఖర్చు, గ్రాట్యుటీలో కోతపెట్టిన సొమ్ము, ఇవన్నియు మృతుని ఆస్తిపై పడు లెక్కలు. వానిని గూర్చి చెప్పుకొనుటకు వారసులకు అవకాశముండి తీరవలెను. 'కాగితముపై సంతకము పెట్టినచో ఆయన బాకీ అంతయు నా నెత్తిపై పడునా?' అని భయపడి వెనుదీయు స్త్రీలు కలరు. పడదు. వారసుడు తన చేతికి వచ్చిన ఆస్తిమేరకే బాధ్యుడని కోడులోని 50, 52 సెక్షనులు చెప్పుచున్నవి. మృతుడు పోయిన తరువాత తాము స్వయముగా ఉన్న కాలమునకు మాత్రము తామే చెల్లింపవలసి యుండును.

వారసుడెవరను తగవు వచ్చినచో? వచ్చును. ఉద్యోగము ఒక్కటి, కోరువారు ముగ్గురు. ఊరిలో నొక సంసారము, ఖనిలో నొక సంసారము. ఇట్టిచోట న్యాయస్థానము 22వ ఆర్డరులోని 5వ నిబంధన ప్రకారము మొదట ఆ ప్రశ్నను తేల్చి, పిదపనే అప్పీలును వినవలెను. రెంటిని కలిపి చివర చూతమనుట తగదు. ఈ నిర్ణయము మన తెలుగుదేశపు వ్యాజ్యములోనే వచ్చినది. సత్యసాయి సెంట్రల్ ట్రస్టు ఒక పక్షముగా నడచిన తగవున, అప్పీలు ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో నుండగా ఎదుటి పక్షపు స్త్రీ మరణించినది. వారసులము మేమనగా మేమని పోటీ వచ్చినది. 2008లో సుప్రీంకోర్టు పై విధముగా ఆజ్ఞాపించినది. ఇట్లు తేల్చిన వారసత్వము ఆ అప్పీలును నడపుటకు మాత్రమే. ఆస్తి ఎవరిదో, ఉద్యోగమెవరికో దానివలన తేలదు. కావున ఇంటిలోని పోట్లాటకు భయపడి గడువు పోగొట్టుకొనుటకంటె, అందరి పేర్లును చేర్చి అర్జీ వేయుట మేలు.

ఇప్పుడు మొదట జ్ఞాపకముంచుకొనుడన్న సంగతికి వచ్చుచున్నాము. 1976 సవరణచే కోడులో 10-ఏ అను నిబంధన చేరినది. తన కక్షిదారుడు మరణించినట్లు తెలిసిన వకీలు ఆ సంగతిని న్యాయస్థానమునకు తెలుపవలెను. న్యాయస్థానము ఎదుటి పక్షమునకు నోటీసిచ్చును. వకీలునకు మృతునకు నడుమనున్న ఒప్పందము ఆ ఒక్క పనికొరకు బ్రతికియున్నట్లే భావింపబడును. మంచి నిబంధన. కాని ఇది మరణించినవాని వకీలునే కట్టివేయుచున్నది. ఎదుటి పక్షపు వకీలునకు ఏ బాధ్యతయు లేదు. ఎదుటి పక్షము సామాన్యుడైనచో అది సరిపోవును. ఎదుటి పక్షము సింగరేణి కంపెనీయైనప్పుడు? కార్మికుడు చచ్చిన వార్త గోదావరిఖనిలో అందరికంటె ముందు తెలియునది కంపెనీకే. మస్టరు పుస్తకములో అతని పేరు కొట్టివేసినది వారు. అతని సర్వీసు ఫైలును మూసినది వారు. అతని భార్య పేరు, బిడ్డల పేర్లు, వారి వయస్సులు నామినీ కాగితములలో భద్రపరచుకొన్నది వారు. అట్టి కంపెనీ న్యాయశాఖ, చేతిలో ఈ వివరములన్నియు ఉంచుకొని, 90 దినములు నిశ్శబ్దముగా కూర్చుండి, 91వ దినమున 'అప్పీలు అబేటైనది' అని చెప్పుటకు చట్టములో అడ్డేదియు లేదు. కంపెనీ అట్లు చేయుచున్నదని మేమనుట లేదు. చేయుటకు వీలున్నదనియే మా ఫిర్యాదు. లాభముకొరకు పుట్టిన ప్రైవేటు వ్యాపారి చేసినచో తెలివియనుకొందుము. నూటికి నూరువంతులు ప్రజల వాటాలున్న సంస్థకు ఆ తెలివి శోభింపదు. తమ కార్మికుడు కక్షిదారుడైన ప్రతి వ్యాజ్యములోను, అతని మరణవార్తను, నామినీ కాగితములలోని కుటుంబసభ్యుల పేర్లను కంపెనీ వకీలే ముప్పది దినములలో న్యాయస్థానమునకు దాఖలు చేయవలెనని డైరెక్టర్ల బోర్డు తీర్మానింపవలెను. దీనికి పార్లమెంటు చట్టము అక్కరలేదు; కొత్తగూడెములోని ప్రధాన కార్యాలయమునుండి నొక సర్క్యులరు చాలును.

వకీళ్లకు మా విన్నపము మరింత చిన్నది. వకాలతు వ్రాయించుకొను దినముననే భార్య పేరు, పెద్దబిడ్డ పేరు, వారి ఫోను నంబరు కట్టపై వ్రాసికొనుడు. ఆరునెలలకొకసారి ఒక్క మాట పలుకరింపుడు. సుప్రీంకోర్టు, పల్లెటూరివాడు వకీలును పెట్టుకొని అప్పీలు భారమును అతనికి అప్పగించిన పిమ్మట, ఎదుటివాని చావుబ్రతుకులను తానే కనిపెట్టుచుండవలెననుట అన్యాయమని మందలించియున్నది. ఆ మందలింపు వకీళ్లకు గూడ తగులును.

కార్మికసంఘములు మృతుని ఇంటికి వచ్చి సంతాపము తెలిపి, పింఛను కాగితములు నింపి పెట్టుచున్నవి, మంచి సేవ. ఆ కాగితములతోబాటు ఇంటిలో వకాలతు రసీదుగాని, కోర్టు నకలుగాని, వకీలు చీటీగాని ఉన్నదేమో బీరువా వెదకుమని చెప్పవలెను. దొరికినచో మరణధ్రువపత్రముతోను, వారసుల పేర్లతోను న్యాయసేవాధికార సంస్థ కార్యాలయమునకు పోవలెను. 1987వ సంవత్సరపు న్యాయసేవాధికార చట్టము 12వ సెక్షను ప్రకారము స్త్రీలకు, పిల్లలకు, పారిశ్రామిక కార్మికులకు ఉచిత న్యాయసహాయము పొందు హక్కున్నది. స్త్రీ యగుటయే చాలును, ఆమె ఆదాయమెంతయని అడుగరాదు. 90 దినములు దాటినను పోవలెను. 150 దాటినను పోవలెను. కర్మకాండ, ఊరిప్రయాణము, ధ్రువపత్రముల ఆలస్యము, వ్యాజ్యమున్నట్లు తెలియకపోవుట, ఇవి సాకులని సిగ్గుపడనక్కరలేదు. ఉన్నదున్నట్లు తేదీలతో అఫిడవిటులో వ్రాసినచో న్యాయస్థానము వినును.

మరణానంతరపు సొమ్ములకై కంపెనీ నింపించుకొను దరఖాస్తులో మృతుని తండ్రి పేరునుండి బ్యాంకు ఖాతా వరకు ఎన్నియో పంక్తులుండును. అందు ఇంకొక పంక్తి చేర్పవలెనని కోరుచున్నాము: 'మృతుని పేర ఏ న్యాయస్థానములోనైనను వ్యాజ్యముగాని అప్పీలుగాని పెండింగులో ఉన్నదా?' దాని క్రింద వకీలు పేరునకు కొంత ఖాళీ.